వెలివేతలో పోయిన కూలికి పరిహారం: కమిషన్‌ను ఏమని అడగాలి?

2017లో పశ్చిమ గోదావరి జిల్లా గరగపర్రులో అంబేడ్కర్ విగ్రహం దగ్గర మొదలైన వివాదం దళితుల వెలివేతకు దారితీసింది. బయటివాళ్లకు గుర్తున్నది విగ్రహమే. దళిత కుటుంబాలకు దెబ్బ తగిలింది మాత్రం పొలంలో. కౌలు భూములు చేజారాయి, కూలికి పిలుపులు ఆగాయి. వెలివేసేవాళ్లు చెయ్యి చేసుకోనక్కర్లేదు, నోరు జారనక్కర్లేదు. పనికి పిలవకపోతే చాలు. గాయం కనబడదు కాబట్టే దీనికి పరిహారం రాబట్టడం కష్టం.

ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చింది. సాంఘిక, ఆర్థిక బహిష్కరణను అది ప్రత్యేక నేరంగా చేర్చింది. 2016 నిబంధనల ప్రకారం బాధితులకు లక్ష రూపాయలు ఇవ్వాలి, అదీ చార్జిషీటు కోర్టుకు వెళ్లగానే. నిలిపేసిన ఆర్థిక, సామాజిక సేవలన్నిటినీ ప్రభుత్వమే పునరుద్ధరించాలని కూడా అదే వరుసలో ఉంది. లక్ష గురించి అందరూ అడుగుతారు, ఈ రెండో ముక్కను అడిగేవాళ్లు తక్కువ. పోలీసులు కేసే కట్టకపోతే రెండూ రావు. మానవ హక్కుల కమిషన్ అవసరం అక్కడే వస్తుంది.

కమిషన్‌కు రాసే అర్జీలు ఎక్కువగా తప్పేది ఒకచోట. ఫలానా భూస్వాములు మమ్మల్ని పనికి పిలవడం లేదని రాసి ఊరుకుంటారు. 1993 నాటి మానవ హక్కుల పరిరక్షణ చట్టం ప్రకారం కమిషన్ విచారించేది ప్రభుత్వోద్యోగి చేసిన ఉల్లంఘనను, లేదా ఉల్లంఘనను ఆపడంలో అతని నిర్లక్ష్యాన్ని. రైతుల పేర్లు మాత్రమే ఉంటే అది ప్రైవేటు వివాదమని ఫైలు మూసేసే వీలుంటుంది. కాబట్టి ఎస్సైకి ఏ తేదీన చెప్పారు, తహసీల్దారు ఎప్పుడు వచ్చారు, వచ్చి ఏం చేయలేదు అన్నదే అర్జీకి వెన్నెముక. కలెక్టరేట్‌లో సోమవారం గ్రీవెన్స్‌లో ఇచ్చిన కాగితానికి రశీదు ఉంటే అదే పెద్ద సాక్ష్యం. శాంతి కమిటీ పెట్టి 'సమస్య పరిష్కారమైంది' అని సంతకాలు తీసుకోబోతే, పోయిన పని దినాల సంగతి అందులో రాసేదాకా సంతకం పెట్టకపోవడం మంచిదని నా అభిప్రాయం.

ఇక నష్టం లెక్క. కౌలు నోటిమాట మీదే నడుస్తుంది. ఆంధ్రప్రదేశ్‌లో 2019 చట్టం కింద ఇచ్చే సాగు హక్కు కార్డుకు యజమాని ఒప్పుకోలు కావాలి. వెలివేసినవాడే యజమాని అయితే ఆ సంతకం ఎక్కడిది? అందుకని ఎరువుల దుకాణం బిల్లులు, ధాన్యం అమ్మిన చీటీలు, డ్వాక్రా పొదుపు పుస్తకంలో కిస్తీ ఆగిన నెల, బంగారం తాకట్టు రశీదు పోగేయాలి. కూలీలైతే ఇంటింటికీ పట్టిక రాయాలి: ఎవరు, ఏ పని, నాట్లకు ఎన్ని రోజులు, కోతకు ఎన్ని రోజులు, రోజుకు ఎంత. 'తీవ్రంగా నష్టపోయాం' అన్న వాక్యానికి అంకె లేదు. అంకె లేనిదానికి డబ్బు సిఫారసు చేయడం కమిషన్‌కైనా కష్టమే.

ఫీజు లేదు, తెలుగులోనే రాయొచ్చు. ఘటన జరిగిన ఏడాదిలోపు వెళ్లాలి. రాజీ కుదురుతుందేమో, ఒక పంట చూద్దాం అని ఆగితే గడువులో సగం అందులోనే కరిగిపోతుంది. రాష్ట్ర కమిషన్‌లో పెండింగ్‌లో ఉన్న విషయాన్ని జాతీయ కమిషన్ విచారించదు, కనుక రెండుచోట్లా ఒకేసారి వేయొద్దు. విచారణ ఏ దశలో ఉన్నా మధ్యంతర సాయం సిఫారసు చేసే అధికారం కమిషన్‌కు ఉంది. పొయ్యి వెలగని ఇళ్లకు అన్నిటికంటే ముందు కావలసింది అదే, అర్జీ మొదటి పేజీలోనే అడగాలి.

కమిషన్ ఇచ్చేది సిఫారసే. దానిపై తీసుకున్న చర్యను ప్రభుత్వం సాధారణంగా నెలలోపు తెలపాలి. ఫైలు కదలకపోతే హైకోర్టుకు వెళ్లొచ్చు. ఇలాంటి సిఫారసులకు ప్రభుత్వం కట్టుబడాల్సిందేనని మద్రాసు హైకోర్టు ఫుల్ బెంచ్ 2021లో చెప్పింది. ఆ తీర్పు మన రాష్ట్రాల్లో కట్టడి కాదు గానీ, రిట్ వేసే న్యాయవాది చేతిలో ఉండాల్సిన కాగితాల్లో అదొకటి.