మీకు తెలుసా? బొక్కబోర్లా పడ్డా తగ్గని బుడతడు

డిస్నీ ఎక్స్‌డీ చానల్లో 2010 ఫిబ్రవరి 13న ఒక పొట్టి పిల్లాడు ప్రత్యక్షమయ్యాడు. ఎర్ర చారల తెల్ల జంప్‌సూటు, పసుపు గ్లవుజులు, నెత్తిన హెల్మెట్. పేరు కిక్ బుటౌస్కీ. ప్రపంచంలోకెల్లా గొప్ప సాహసవీరుణ్ని అవుతానని వాడి పంతం. ఉండేదేమో మెల్లోబ్రుక్ అనే సద్దు లేని ఊళ్లో. దగ్గరున్నది ఒక స్కేట్‌బోర్డు. శాండ్రో కోర్సారో సృష్టించిన ఈ కార్టూన్ సిరీస్ రెండే సీజన్లు నడిచి 2012 డిసెంబరులో ఆగింది. అయినా అప్పుడు చూసిన పిల్లలు పెద్దవాళ్లయ్యాక కూడా వాణ్ని మరిచిపోలేదు.

ఆ తెల్ల సూటు చూడగానే అమెరికన్లకు గుర్తొచ్చేది మోటార్‌సైకిల్ వీరుడు ఈవెల్ కనీవెల్. 1967 డిసెంబరు 31న లాస్‌వేగస్‌లో సీజర్స్ ప్యాలెస్ హోటల్ ఫౌంటెన్ల మీదుగా బండి దూకించాడు. అవతలికి చేరాడు కానీ దిగడంలో పట్టు తప్పి, రోడ్డు మీద దొర్లుకుంటూ పోయి ఎముకలు విరగ్గొట్టుకున్నాడు. విచిత్రమేమిటంటే, అంతకుముందు చక్కగా దూకిన దూకుళ్లకు రాని పేరు ఈ పాటుతో వచ్చింది! 1974లో ఐడహోలోని స్నేక్ నది లోయను ఆవిరి రాకెట్‌తో దాటబోతే, పారాచూట్ ముందే విచ్చుకుని లోయలోకే దిగాడు. జనం మాత్రం అతణ్ని వదల్లేదు.

1970లలో ఐడియల్ కంపెనీ అతని బొమ్మ బైకు అమ్మింది. హ్యాండిల్ గిరగిరా తిప్పి వదిలితే రయ్యిన దూసుకెళ్తుంది. పుస్తకాలు ఏటవాలుగా పేర్చి దాన్ని ఎగరేయడం, అది పల్టీలు కొడితే కేరింతలు కొట్టడం... ఆ తరం పిల్లల ఆట అది.

కిక్ కథలన్నీ నాకు ఆ ఆటలాగే కనిపిస్తాయి. ఒక్కో కథ పదకొండు నిమిషాలే. వాడు గోడకు గుద్దుకుంటాడు, అన్న బ్రాడ్ చేతిలో తన్నులు తింటాడు, ఎత్తుగడ బెడిసికొడుతుంది. మళ్లీ హెల్మెట్ సర్దుకుంటాడు. పిల్లలకు నచ్చేది ఆ సర్దుకోవడమే. వాళ్లూ సైకిల్ నేర్చుకునేటప్పుడు మోకాళ్లు చెక్కుకున్నవాళ్లే కదా!

ఇంకో సంగతి. కిక్‌కు గొంతిచ్చిన చార్లీ ష్లాటర్‌కు అప్పటికే నలభై దాటాయి. ప్రతి సాహసంలోనూ వెంట ఉండే స్నేహితుడు గుంథర్‌కు గొంతిచ్చింది మ్యాట్ జోన్స్. ‘బ్రేకింగ్ బ్యాడ్’లో బ్యాడ్జర్ వేషం వేసింది ఇతనే. నన్నడిగితే, కిక్ కన్నా ధైర్యవంతుడు గుంథరే. భయపడుతూనే వెంట వెళ్తాడు మరి.