ఎర్రబండల నడుమ ఒక పగలు

కార్తీక మాసపు చలిలో తెల్లవారి ఆరింటికి బోధన్ నుంచి బయల్దేరాం. కారులో నలుగురం. నేను, దుబాయి నుంచి సెలవు మీద వచ్చిన మా బావ, ఎనిమిదో తరగతి చదివే మా మేనకోడలు, వెనక సీట్లో కిటికీ పక్కన మా సారు. సారు ముప్పై ఏళ్లకు పైగా భూగోళం పాఠం చెప్పి రిటైరయ్యారు. ఆయన ఒళ్లో చేతిసంచి, అందులో భూతద్దం, స్టీలు గ్లాసు, కాగితంలో చుట్టిన పటిక బెల్లం. ఆ రోజుకు మా గైడు ఆయనే.

మా బావ కొలువు కూడా అలాంటిదే. దుబాయిలో ఎడారి చూపిస్తాడు. మధ్యాహ్నం హోటళ్ల ముందు టూరిస్టులను ఎక్కించుకుని లహ్‌బాబ్ వైపు తీసుకుపోతాడు. అక్కడి ఇసుక ఎర్రగా ఉంటుంది. దిబ్బలు మొదలయ్యే చోట బండి ఆపి టైర్లలో గాలి చాలావరకు తీసేస్తాడు. అప్పుడే టైరు వెడల్పుగా పరుచుకుని ఇసుకలో దిగబడకుండా సాగుతుంది. పొద్దు గుంకే వేళకు వాళ్లను ఎత్తయిన దిబ్బ మీద నిలబెడతాడు. ఫొటోలయ్యాక గుడారాల్లో భోజనం, రాత్రికి మళ్లీ హోటల్. ఒక పూట పని. దానికోసం లోకం నలుమూలల నుంచీ జనం వస్తారు, పైసలు కడతారు.

"ఆడ ఉన్నది ఇసుకనే బామ్మర్దీ. కానీ సూపెట్టెటోడు ఉన్నడు. మన దగ్గర ఇంత పెద్ద పెద్ద బండలుండంగ సూపెట్టెటోడు లేడు" అన్నాడు బావ, స్టీరింగు మీద చేయి వేసి.

ఈ కథనం ఆ మాట వెంటే నడుస్తుంది.

ఎర్రరాతి సీమ అనగానే మనకు అమెరికా గుర్తొస్తుంది. అరిజోనాలోని సెడోనాకు పిల్లలు తల్లిదండ్రులను తీసుకెళ్లి, ఎర్రని కొండల ముందు నిలబెట్టి తీసిన ఫొటోలు మన ఇళ్లలో చాలానే ఉన్నాయి. జోర్డాన్‌లో వాదీ రమ్ ఉంది. మన దగ్గరే కడప జిల్లాలో పెన్న కోసిన గండికోట లోయ ఉంది. ఆ కొండల వరుస పేరే ఎర్రమల. విశాఖ పక్కన ఎర్రమట్టి దిబ్బలను భూవిజ్ఞాన వారసత్వ స్థలంగా గుర్తించారు. ఇందూరు, అదే మన నిజామాబాద్ జిల్లా రాళ్ల పేరు మాత్రం ఎవరి నోటా వినం. ఆర్మూరు మీదుగా 44వ నంబరు జాతీయ రహదారిలో పోయే వేల బండ్లలో ఎన్ని ఆగుతాయి? దారి పక్కన గుట్ట కనిపిస్తుంది, వెనక్కి పోతుంది, అంతే.

బోధన్ దాటుతుండగానే సారు పాఠం మొదలైంది, అదీ రాయితో కాదు, మన్నుతో. "బిడ్డా, రెండు దిక్కుల మట్టి సూస్కుంట రా. ఏడ రంగు మారుతదో చెప్పు" అని పిల్లకు పని పెట్టారు. పడమట మహారాష్ట్ర వైపు నుంచి పరుచుకున్న లావా రాయి మద్నూరు, జుక్కల్ ప్రాంతాల దాకా వచ్చింది. సుమారు ఆరున్నర కోట్ల ఏళ్ల కిందట భూమి చీలి పొరలు పొరలుగా పారిన లావా అది. అది అరిగి పొడైతే నల్లరేగడి. తూర్పుకు జరిగేకొద్దీ గ్రానైటు, అది అరిగితే ఎర్ర చెల్క. ఒక్క పొద్దున రెండు భూములు దాటే దారి ఇది. రోజూ తిరిగే నాకే ఆ సంగతి ఎన్నడూ తట్టలేదు.

నల్లమన్నుకు నీళ్లు తోడైతే ఏమవుతుందో బోధన్ చూసింది. మంజీర మీద 1923లో మొదలై 1931లో పూర్తయిన నిజాంసాగర్ కాలువలు ఇక్కడ చెరకు పండించాయి. 1937లో శక్కర్‌నగర్‌లో నిజాం షుగర్ ఫ్యాక్టరీ పుట్టింది. ఒకప్పుడు ఆసియాలోనే పెద్దదని చెప్పుకున్న ఆ మిల్లు 2015 డిసెంబరులో మూతపడింది. చెరకు బండ్లు బారులు తీరిన రోడ్డు మీద ఇప్పుడు వడ్ల ట్రాక్టర్లు నడుస్తున్నాయి. మిల్లు దాటేటప్పుడు కారులో ఎవరమూ మాట్లాడలేదు. మా బావ దుబాయి పోవడానికీ, ఈ ఊళ్లో పని సన్నగిల్లడానికీ సంబంధం ఉందని నలుగురికీ తెలుసు.

నిజామాబాద్‌లో ఖిల్లా దగ్గర ఆగాం. గుట్ట మీద రఘునాథాలయం, చుట్టూ కోట గోడలు. కవి దాశరథి కృష్ణమాచార్యులను నిజాం ప్రభుత్వం బంధించింది ఈ కోటలోని ఇందూరు జైలులోనే. ఆయన గోడల మీద బొగ్గుతో పద్యాలు రాసిన సంగతి తెలంగాణలో చదువుకున్న ప్రతి ఒక్కరికీ తెలిసిందే. మేం చూడాల్సింది మాత్రం గోడల కింద ఉందన్నారు సారు. కోట కట్టినవాళ్లు గుట్టను చదును చేయలేదు. గుండ్ల మీద, గుండ్ల నడుమ గోడను నడిపించారు. రాయి ఎక్కడ నిలబడుతుందో, ఎక్కడ జారుతుందో వాళ్లకు తెలుసు. పావుగంటలో అక్కడి నుంచి కదిలాం. పొద్దెక్కితే గుట్ట కాలుతుంది మరి.

ఆర్మూరు దారిలో అంకాపూర్‌లో బండి ఆపి దేశీకోడి కూర, అన్నం చెప్పి వచ్చాం. ఈ ఊరి కోడికూర పేరు వినని తెలంగాణ మనిషి ఉండడు. కట్టెల పొయ్యి మీద ఉడికే కోడికి సమయం పడుతుంది కాబట్టి ముందే చెప్పుకోవాలి. పోతూ చెప్పి వస్తూ తినడం మా జిల్లాలో పాత అలవాటు.

సిద్ధులగుట్ట మీద

ఆర్మూరుకు పాత పేరు నవనాథపురం. తొమ్మిది మంది సిద్ధులు ఈ గుట్ట మీద తపస్సు చేశారని స్థలపురాణం. ఆరు, మూడు కలిపితే తొమ్మిది కదా, అందుకే ఆర్మూరు అయిందని పెద్దలు చెబుతారు. పైకి ఘాట్ రోడ్డు ఉంది. సగం దారిలో సారు కారు ఆపించారు. "గుడికి తరువాత పోదాం. ముందుగాల గీ బండ దగ్గరికి రార్రి" అన్నారు.

చుట్టూ చూశాను. ఇల్లంత బండలు, గదంత బండలు ఒకదాని మీద ఒకటి ఎవరో పేర్చిపోయినట్టు ఉన్నాయి. అంచులు కోసుగా ఉన్నవి కొన్ని, గుండ్రంగా నున్నబడినవి కొన్ని. నీళ్లు జారిన చోట నల్లని చారలు. ఎండ తగిలిన ముఖం మాత్రం ఎరుపు. ఇటుక ఎరుపు కాదు, కాగిన నెయ్యిలో వేగిన ఎరుపు. రోడ్డు మీద పోయేవాడికి దూరం నుంచి ఇవన్నీ నల్లగా కనిపిస్తాయి. దగ్గరికి వస్తేనే రంగు బయటపడుతుంది.

సారు సీసాలో నీళ్లు కాసిన్ని ఒక పగిలిన ముఖం మీద పోసి భూతద్దం పిల్ల చేతికిచ్చారు. తడిసిన చోట మూడు రంగులు లేచాయి. గులాబీ రంగు పలకలు ఫెల్డ్‌స్పార్. గాజులా మెరిసేది పలుగురాయి. నల్లని మినుకులు అభ్రకం. "నల్ల మినుకుల ఇనుముంటది బిడ్డా. నీళ్లు, గాలి తగిలి అది తుప్పు పడ్తది. గా తుప్పే గీ ఎరుపు" అన్నారు. పిల్ల బండను అరచేత్తో రుద్ది చూసుకుంది. చేతికి ఎర్రని పొడి అంటింది.

బావ వంగి ఆ పొడిని చూశాడు. "గిట్లనే ఉంటది సారూ లహ్‌బాబ్ ఇసుక. సాక్సులల్ల, సీట్లల్ల అంతా గిదే రంగు" అన్నాడు. నిజమే. అరేబియా ఇసుక రేణువు మీదా, సెడోనా కొండ మీదా, ఆర్మూరు బండ మీదా ఎరుపును పూసింది ఒకటే, తుప్పు పట్టిన ఇనుము.

అయితే వయసులో పోలిక లేదు. సెడోనా ఎర్రరాయి ఇసుక పేరుకుని గట్టిపడినది, సుమారు 28 కోట్ల ఏళ్లది. మన తెలంగాణ గ్రానైటు భూమి లోపల కరిగిన రాయి చల్లబడి గట్టిపడినది, సుమారు 250 కోట్ల ఏళ్లది. అప్పటికి నేల మీద చెట్టు లేదు, జంతువు లేదు. ఆ అంకె విన్నాక నేను ఆనుకుని నిలబడ్డ బండ మీంచి చేయి తీసేశాను. ఎందుకో మళ్లీ పెట్టాను.

ఇక పటిక బెల్లం. ఈ బండల్ని ఎవరు పేర్చారని పిల్ల అడిగినప్పుడు సారు స్టీలు గ్లాసు బయటకు తీశారు. కోసుగా అంచులున్న పటిక బెల్లం ముక్కలు మూడు ఏరి, ఒకదాని మీద ఒకటి గ్లాసులో పెట్టి నీళ్లు పోశారు. "సూస్కుంట కూసో" అన్నారు. మేమంతా గ్లాసు చుట్టూ కూర్చున్నాం. మూలలు ముందు కరిగాయి. మూలకు మూడు వైపుల నుంచి నీరు తగులుతుంది, అంచుకు రెండు వైపుల నుంచి, ముఖానికి ఒక్క వైపు నుంచే. కొద్దిసేపట్లో ముక్కలు గుండ్రమయ్యాయి, నడుమ సందులు పెరిగాయి. ఎవరూ పేర్చలేదు. ఉన్నచోటే అరిగాయి. భూమి లోపల ఉండగానే గ్రానైటుకు అడ్డంగా, నిలువుగా నెర్రెలు పడతాయి. ఆ నెర్రెల్లోకి వాననీరు దిగి ఫెల్డ్‌స్పార్‌ను మెత్తబరిచి బంకమట్టి చేస్తుంది. పలుగురాయి ఇసుకగా రాలుతుంది. పైనున్న మన్ను లక్షల ఏళ్లలో కొట్టుకుపోతే గుండ్లు బయటపడతాయి. ఆ కొట్టుకుపోయిన మన్నే కింద కనిపిస్తున్న ఎర్ర చెల్క. అందులోనే ఆర్మూరు రైతు ఎర్రజొన్న విత్తుతున్నాడు.

"మరి కోసుగ ఉన్నయి?" అంది పిల్ల.

"అవి ఇంక కరగాలె" అన్నారు సారు.

చెరకు సీమలో పుట్టి, చక్కెర మిల్లు పక్కన పెరిగి, ఈ యాభై ఏళ్లలో రాయి గురించి ఇంత తేటగా చెప్పిన మాట నేను వినలేదు. పుస్తకంలో బొమ్మ ఉండే ఉంటుంది. గుట్ట మీద, గ్లాసులో చూస్తేనే అది నాదైంది.

పైన గుహలో శివుడి దగ్గరికి వంగి పోవాలి. రెండు బండల మధ్య సందు, అందులో చల్లదనం, నూనె దీపపు వాసన. బయట పొద్దు మండుతున్నా లోపల ఒళ్లు చల్లబడింది. ఈ చల్లదనమే సిద్ధులను ఇక్కడ నిలిపి ఉంటుంది. తిరిగి వస్తుంటే ఒక బండ మీద రాతి తొండ తల ఆడిస్తూ కూర్చుంది. దాని వీపూ ఎరుపే.

ఒంటిగంటకు అంకాపూర్‌లో తిన్నాం. ఆ కూర గురించి నేను కొత్తగా చెప్పేదేమీ లేదు. బావ మాత్రం, దుబాయి గుడారంలో పెట్టే భోజనం కన్నా ఇదే మేలని రెండుసార్లు అన్నాడు.

కంకరా, గుట్టా?

సాయంత్రం డిచ్‌పల్లి రామాలయం మెట్లెక్కాం. గుట్ట నెత్తి మీద నల్లరాతి గుడి, గోడల నిండా శిల్పాలు. ఇందూరు ఖజురాహో అంటారు దీన్ని. వాలు ఎండ కింది బండల మీద పడి, పొద్దున ఆర్మూరులో దగ్గరి నుంచి చూసిన ఎరుపు ఇక్కడ దూరం నుంచే కనిపించింది. దూరాన ఎక్కడో ఒక గుట్ట సగం కోసి ఉంది. తెల్లని గాయంలా మెరుస్తోంది. రాయి లోపలి రంగు అదే. ఎర్రబడాలంటే దానికి మళ్లీ వేల ఏళ్ల ఎండా వానా కావాలి.

ఇల్లు కట్టాలంటే కంకర కావాలి, రోడ్డు వేయాలంటే కావాలి. తరతరాలుగా రాతి నాడి తెలిసి, మంటపెట్టి బండను వేడిచేసి, సమ్మెట దెబ్బతో పొర లేపే వడ్డెర పనివాళ్ల నేర్పు కూడా గొప్పదే. వాళ్ల బతుకును తప్పుపట్టడం లేదు. నా బాధ వేరు. ఏ గుట్టను కొట్టొచ్చో, ఏ గుట్టను తాకకూడదో మన జిల్లాలో తేల్చుకుని రాసుకోవాలి కదా? గుట్ట మీద గుడి ఉంటే బతుకుతుంది, దర్గా ఉంటే బతుకుతుంది. వర్ని దగ్గరి బడాపహాడ్ అలాగే మిగిలింది. దేవుడు లేని గుట్టకు దిక్కెవరు?

హైదరాబాద్‌లో ఈ ప్రశ్న ముందే వేశారు. సొసైటీ టు సేవ్ రాక్స్ అనే సంస్థ 1996 నుంచి రాళ్ల కోసం పనిచేస్తోంది. జనాన్ని వెంటబెట్టుకుని రాళ్ల నడుమ నడిపించడం దాని పనుల్లో ఒకటి. వాళ్ల పట్టుదల వల్ల నగరంలోని కొన్ని శిలాకృతులకు వారసత్వ జాబితాలో చోటు దొరికింది. చాలా గుట్టలు పోయాయి, నిజమే. ఆ నడకలు లేకపోతే ఆ కొన్నీ మిగిలేవి కావు. మనిషి ఒకసారి దగ్గరికెళ్లి చేయి పెట్టిన బండను కంకరగా చూడలేడు.

కాబట్టి మనకు ముందుగా కావలసింది తోటలు, లైట్లు, సిమెంటు కమాన్లు కావు. అశోక్‌సాగర్‌లో, అలీసాగర్‌లో రాళ్ల మధ్య తోటలు ఉన్నాయి, ఆదివారాలు జనమూ వస్తున్నారు. వాళ్లకు ఆ రాళ్ల గురించి నాలుగు మాటలు చెప్పే మనిషి కావాలి. అలాంటివాళ్లు మన దగ్గర తక్కువేమీ కాదు. ప్రతి మండలంలో ఒక రిటైర్డ్ సారు ఉన్నారు. గల్ఫ్‌లో పరాయి దేశపు ఎడారిని పదేళ్లు చూపించి, నాలుగు భాషలు నేర్చి, టూరిస్టును ఎలా చూసుకోవాలో తెలిసి తిరిగొచ్చిన పిల్లలు ఆర్మూరు, బాల్కొండ, బోధన్ ఊళ్లలో ఉన్నారు. ఈ ఇద్దరినీ కలపాలి. డిచ్‌పల్లిలో తెలంగాణ విశ్వవిద్యాలయం ఉంది. ఒక చిన్న శిక్షణ కోర్సు అక్కడ పెడితే చాలు. జిల్లా పర్యాటక అధికారులు, విశ్వవిద్యాలయం కలిసి ఒక్క చలికాలం ప్రయత్నించి చూడాలని మనవి.

ఎడారి సఫారీకి మించిన వసతి ఒకటి మనకుంది. ఇది ఎడారి కాదు. వానాకాలం తరువాత బండల సందుల్లో, దొనల్లో నీళ్లుంటాయి, గుట్ట కిందే పసుపు చేలు పచ్చగా ఉంటాయి. నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు మంచి కాలం. ఎండాకాలం వద్దు, బండ కాలుతుంది. పొద్దున్నే ఎక్కండి. జారని చెప్పులో బూట్లో వేసుకోండి. తేనెపట్టు కనిపిస్తే పొగ, కేకలు వద్దు. ఎలుగులు, చిరుతలు తిరిగే గుట్టలూ ఉన్నాయి కనుక దారి వదిలి ఒంటరిగా పోవద్దు. ఊరివాళ్లను అడిగి, వాళ్లలో ఒకరిని వెంట తీసుకునే వెళ్లండి. ఇచ్చే నాలుగు పైసలు ఆ ఊళ్లోనే ఇవ్వండి. బండల మీద పేర్లు రాయకండి.

బావ వచ్చే నెల దుబాయికి తిరిగి పోతున్నాడు. వీసా ఇంకో రెండేళ్లుంది. అది అయిపోయాక సారు దగ్గర ఆరు నెలలు రాళ్ల పాఠం నేర్చుకుంటానన్నాడు. సారు సరేనన్నారు.

మీరు అంతదాకా ఆగనక్కర్లేదు. ఈ చలికాలంలో ఒక ఆదివారం సిద్ధులగుట్ట ఎక్కండి. వెంట ఒక పిల్లనో పిల్లాడినో, ఒక గ్లాసునూ, నాలుగు పటిక బెల్లం ముక్కలనూ తీసుకెళ్లండి.