తెల్లవారేసరికి సగం చూపు

"సర్వేంద్రియాణాం నయనం ప్రధానమ్" అన్న మాట చిన్నప్పటి నుంచీ వింటూనే ఉన్నాం. కానీ ఆ నయనం వెనుక ఒక నరం ఉందనీ, ఆ నరానికీ ఆకలిదప్పులుంటాయనీ, ఒక్క పూట దానికి రక్తం సరిగా అందకపోతే పోయిన చూపు చాలామందికి పూర్తిగా తిరిగి రాదనీ మనలో ఎందరికి తెలుసు? నాకైతే మా పెదనాయన కన్ను పోయేదాకా తెలియదు. తెలిసిన తర్వాత నలుగురికీ చెప్పకుండా ఉండలేక ఈ నాలుగు మాటలూ రాస్తున్నాను.

మాది కొండాపురం. ఉదయగిరి వైపు మెట్ట ప్రాంతం. పెదనాయనకు అప్పటికి యాభై ఎనిమిదేళ్ళు. చక్కెర జబ్బూ, రక్తపోటూ రెండూ ఉన్నాయి. అయినా పొలం పని మానలేదు. ఒకనాడు పొద్దున్నే లేచి, వసారాలో మొహం కడుక్కుంటూ నన్ను పిలిచాడు.

"ఒరే అబ్బయ్యా, ఎడమ కంటికి కింద ఏందో తెర అడ్డం పడినట్టుందిరా. నీ మొహం కనపడతా ఉంది గానీ కాళ్ళు కనపడటం లా."

నొప్పి లేదు. కన్ను ఎర్రబడలేదు. నీరు కారలేదు. రాత్రి పడుకునేటప్పుడు బాగానే ఉందట. నేను డిగ్రీ చదివినవాణ్ణి, ఇంట్లో అందరికంటే తెలిసినవాణ్ణని పేరు. "శుక్లం వస్తున్నట్టుంది పెదనాయనా, కంటి శిబిరం పెట్టినప్పుడు చూపిద్దాంలే" అని చెప్పింది నేనే. ఆయన నమ్మాడు. శిబిరం కోసం అయిదు వారాలు ఎదురు చూశాం.

శిబిరంలో డాక్టరుగారు కంటిలోకి లైటు వేసి చూసి, మొదట అడిగిన ప్రశ్న ఇది: "చూపు మెల్లమెల్లగా తగ్గిందా, ఒక్కరోజులో పోయిందా?" ఒక్కరోజులోనే అని చెప్పాం. ఆయన కాసేపు మాట్లాడలేదు. "ఇది పొర కాదయ్యా. కంటి నరానికి రక్తం అందలేదు. నరం అప్పుడే పాలిపోతున్నది" అన్నారు.

ఆ రోజు నుంచి నేను అడిగి, చదివి తెలుసుకున్నదే ఈ వ్యాసం.

కాలువ చివరి మడి

కన్ను కెమెరా వంటిదని పాఠ్యపుస్తకాల్లో చదువుకున్నాం. శుక్లం అంటే ఆ కెమెరా కటకం మసకబారడం. కటకాన్ని మార్చవచ్చు. కానీ కంటి వెనుక తెర మీద పడిన బొమ్మను మెదడుకు చేరవేసేది దృక్‌నాడి. ఇందులో సుమారు పది పన్నెండు లక్షల సన్నని నాడీతంతువులుంటాయి. అవన్నీ కలిసి కంటి వెనుక గోడలో ఒకటిన్నర, రెండు మిల్లీమీటర్లకు మించని ఒక గుండ్రని ద్వారం గుండా బయటికి పోతాయి. ఈ ద్వారం దగ్గరి నరం మొదలును నాడీబింబం అంటారు. డాక్టరు లైటు వేసి చూసేది దాన్నే.

ఈ బింబానికి రక్తం ఎక్కడి నుంచి వస్తుంది? మెడలోని పెద్ద ధమని నుంచి కంటి ధమని చీలుతుంది. దాని నుంచి వెంట్రుకల్లాంటి చిన్న ధమనులు కొన్ని చీలి, కంటి వెనుక భాగానికీ ఈ బింబానికీ రక్తం అందిస్తాయి. చెరువు కింద వ్యవసాయం చేసినవాళ్ళకు ఇది వేరే చెప్పనక్కర్లేదు. చెరువు నిండుగా ఉన్నప్పుడు చివరి మడికి కూడా నీళ్ళు పారతాయి. మట్టం ఒక్క జానెడు తగ్గితే తూము దగ్గరి పొలం పచ్చగానే ఉంటుంది, చివరి మడి మాత్రం నెర్రెలిస్తుంది. నాడీబింబం అటువంటి చివరి మడి. శరీరంలో రక్తపోటు బాగా పడిపోయినా, ఆ చిన్న ధమనులు చక్కెర జబ్బు వల్లనో మరోదాని వల్లనో గట్టిపడి ఇరుకైనా, ముందు ఎండేది అదే.

దీన్ని వైద్యులు ఇస్కీమిక్ ఆప్టిక్ న్యూరోపతి అంటారు. మన మాటల్లో చెప్పాలంటే, రక్తం అందక కంటి నరం దెబ్బతినడం. కంటికి వచ్చిన పక్షవాతం వంటిదన్నా అర్థమవుతుంది. కాకపోతే ఇందులో సాధారణంగా రక్తపు గడ్డ వచ్చి అడ్డం పడడం కాదు, ధార సన్నగిల్లడమే జరుగుతుంది.

ఇంకొక చిక్కు కూడా ఉంది. కొందరికి పుట్టుకతోనే ఈ ద్వారం ఇరుకుగా ఉంటుంది. లక్షల తంతువులు అందులో ఒరుసుకుంటూ పోతుంటాయి. రక్తం తగ్గగానే కొన్ని తంతువులు ఉబ్బుతాయి. ఉబ్బడానికి చోటు లేక పక్కవాటిని నొక్కుతాయి. పక్కవాటికీ రక్తం ఆగుతుంది, అవీ ఉబ్బుతాయి. తిరనాళ్ళలో ఇరుకు సందు దగ్గర ఒకరు పడితే వెనకవాళ్ళంతా పడినట్టు. ఇలాంటి బింబం ఉన్నవాళ్ళకే ఈ జబ్బు ఎక్కువగా వస్తుందని తేలింది. ఇంతకూ ద్వారం రెండు కళ్ళకూ ఒకే తీరుగా ఉంటుంది. అసలు భయం అక్కడే ఉంది.

పొద్దున్నే ఎందుకు?

ఈ విషయం మీద జీవితమంతా పని చేసిన శాస్త్రవేత్త మన దేశంలో పుట్టినవాడే. పంజాబులో పుట్టి, లండన్‌లో పరిశోధన చేసి, తర్వాత అమెరికాలోని అయోవా విశ్వవిద్యాలయంలో స్థిరపడిన సోహన్ సింగ్ హేరే. కంటి నరానికి రక్తం ఏ దారిన వస్తుందో ఆయన పరిశోధించి చూపాడు. నరం ముందు భాగానికి వచ్చే ఈ జబ్బు పేరునూ స్వరూపాన్నీ 1974లో స్పష్టంగా నిర్ధారించాడు. తన రోగుల్లో నూటికి డెబ్భై మందికి పైగా నిద్ర లేచినప్పుడే చూపు పోయినట్టు గమనించారని 1997లో ప్రకటించాడు. అమెరికాలో జరిగిన మరొక అధ్యయనంలో ఈ లెక్క నలభై చిల్లరే వచ్చింది. లెక్క ఏదైనా, చాలామందికి ఇది తెల్లవారుజామున బయటపడే జబ్బన్నది మాత్రం నిజం.

కారణం ఏమిటయ్యా అంటే, నిద్రలో అందరికీ రక్తపోటు కొంత తగ్గుతుంది. అది సహజం. అయితే పడుకోబోయే ముందు రక్తపోటు బిళ్ళలు వేసుకుంటే కొందరికి అది మరీ దిగజారవచ్చునని హేరే వాదన. ఇదే మూలకారణమని అందరూ ఒప్పుకోలేదు గానీ, చాలామంది కంటి వైద్యులు ఈ రోగుల్ని బిళ్ళలు ఎప్పుడు వేసుకుంటారని తప్పకుండా అడుగుతారు. మా పెదనాయనకు పగలు పొలంలో మరచిపోతానని భయం. అందుకని పొద్దుటి బిళ్ళా రాత్రి బిళ్ళా రెండూ కలిపి పడుకునే ముందే మింగేవాడు. ఇంట్లో ఎవ్వరమూ అడగలేదు.

రెండోది గురక. గురక పెడుతూ మధ్యలో ఊపిరి ఆగి, మళ్ళీ ఉలిక్కిపడి పీల్చుకునేవాళ్ళకు రాత్రంతా రక్తంలో ప్రాణవాయువు తగ్గుతూ ఉంటుంది. వాళ్ళలో ఈ జబ్బు ఎక్కువగా కనిపిస్తున్నది. మన ఇళ్ళలో గురకను నవ్వులాటగా తీసుకుంటాం. అది నవ్వులాట కాదు.

అన్నీ ఒకటి కావు

ఈ జబ్బులో రెండు తెగలున్నాయి. మా పెదనాయనకు వచ్చింది ఎక్కువమందికి వచ్చే తెగ. సాధారణంగా యాభై దాటినవారికి, నొప్పి లేకుండా, ఒక కంటికే వస్తుంది. చాలాసార్లు చూపులో కింది సగం పోతుంది.

రెండోది అరుదైనది, కానీ మహా ప్రమాదకరమైనది. ఇందులో ధమనుల గోడలే వాచి రక్తాన్ని ఆపేస్తాయి. 1890లో జొనాథన్ హచిన్సన్ అనే ఆంగ్ల వైద్యుడు, కణతల దగ్గరి ధమనులు వాచి టోపీ కూడా పెట్టుకోలేకపోయిన ఒక ముసలాయన గురించి రాశాడు. అదే ఈ జబ్బు. ఐరోపా ఉత్తర దేశాల్లో ఎక్కువ, మన దేశంలో తక్కువ. తక్కువ అంటే లేదని కాదు. ముసలివాళ్ళకు కొత్తగా తలనొప్పి రావడం, దువ్వుకుంటే తల నొప్పెట్టడం, అన్నం నములుతుంటే దవడ లాగేయడం, జ్వరం, బరువు తగ్గడం, వీటితో పాటు చూపు పోతే ఒక్క గంట కూడా ఆలస్యం చేయకూడదు. ఇ.ఎస్.ఆర్., సి.ఆర్.పి. అనే రక్తపరీక్షలు చేసి, అనుమానం గట్టిగా ఉంటే వెంటనే స్టెరాయిడ్లు మొదలుపెడతారు. పెట్టకపోతే రోజుల్లోనో వారాల్లోనో రెండో కన్ను కూడా పోవచ్చు.

ఒక కన్ను క్షణాల్లో పూర్తిగా చీకటైపోతే అది కంటి తెరకు పోయే ధమని మూసుకుపోవడం కావచ్చు. అది పక్షవాతంతో సమానం. వెంటనే పెద్దాసుపత్రికి పోవాలి. చుట్టలు విపరీతంగా తాగేవాళ్ళకు సరైన తిండి లేకపోతే రెండు కళ్ళ చూపూ మెల్లమెల్లగా తగ్గుతుంది. క్షయకు వాడే ఎథాంబ్యుటాల్ వల్ల కూడా కొందరికి అలా జరుగుతుంది. కల్తీ సారాలోని మిథనాల్ అయితే ఒకటి రెండు రోజుల్లోనే రెండు కళ్ళనూ తీసేస్తుంది. ఇవన్నీ నరానికి సంబంధించినవే. ఏ ఒక్కటీ శుక్లం కాదు.

మరి మనమెందుకు అన్నిటినీ శుక్లమే అనుకుంటాం? అందుకూ కారణం లేకపోలేదు. 1996, 2000 సంవత్సరాల మధ్య హైదరాబాదులోనూ, పశ్చిమ గోదావరి, ఆదిలాబాదు, మహబూబ్‌నగర్ జిల్లాల్లోనూ పదివేల మందికి పైగా జనాన్ని పరీక్షించి ఎల్.వి. ప్రసాద్ నేత్ర వైద్య సంస్థ ఒక అధ్యయనం చేసింది. అంధత్వంలో సుమారు అరవై శాతం శుక్లాల వల్లా, కళ్ళజోడు లేకపోవడం వల్లా వచ్చినదేనని అందులో తేలింది. అంటే తేలికగా పోగొట్టగలిగినదే. శిబిరాలు లక్షలమందికి చూపిచ్చాయి. ఆ మేలు వల్లనే "ఆగితే ముదురుతుంది, ముదిరాక తీయించుకోవచ్చు" అన్న మాట పల్లెల్లో పాతుకుపోయింది. శుక్లం విషయంలో ఆగినా పెద్ద నష్టం లేదు. నరం విషయంలో ఆగకూడదు.

వైద్యం ఉందా?

నిజం చెప్పుకోవాలి. ఎక్కువమందికి వచ్చే ఆ మొదటి తెగకు, పోయిన చూపును తెచ్చిపెట్టే మందు అని రుజువైనది నేటికీ లేదు. ఒకప్పుడు నరం చుట్టూ ఉన్న పొరను కోసి ఒత్తిడి తగ్గించే ఆపరేషను చేసేవారు. అది పనిచేస్తుందా లేదా అని అమెరికాలో 244 మంది మీద పరీక్షించి 1995లో ఫలితాలు ప్రకటించారు. ఆరు నెలలకు చూస్తే, ఆపరేషను చేసినవారిలో 33 శాతం మందికి చూపు మెరుగైంది. ఏమీ చేయకుండా కనిపెట్టి ఉన్నవారిలో 43 శాతం మందికి మెరుగైంది! చూపు ఇంకా పాడైనవారు ఆపరేషను వైపు 24 శాతం, రెండో వైపు 12 శాతం. ఆ ఆపరేషను మానేశారు. స్టెరాయిడ్ల మీద వాదోపవాదాలున్నాయి. కొందరికి కొంత చూపు దానంతటదే తిరిగి వస్తుంది. వాపు ఒకటి రెండు నెలల్లో దిగి, నరం పాలిపోతుంది.

మరి తొందరగా పోయి లాభమేమిటని అడగవచ్చు. నేనూ అడిగాను. లాభం మూడు విధాలు. ఒకటి, అది రెండో తెగ అయితే మిగిలిన కన్ను దక్కుతుంది. రెండు, అప్పటిదాకా తెలియని చక్కెర, రక్తపోటు, నిద్రలో ఊపిరాగడం బయటపడతాయి. మూడు, మొదటి తెగ అయినా అయిదేళ్ళలో సుమారు నూటికి పదిహేను మందికి రెండో కంటికి కూడా వస్తుంది. దాన్ని కాపాడుకునే ప్రయత్నం ఆ రోజు నుంచే మొదలుపెట్టవచ్చు.

మందుల సంగతి కూడా ఒక మాట. చక్కెరకూ, బరువు తగ్గడానికీ వాడుతున్న సెమాగ్లూటైడ్ అనే మందుకూ ఈ జబ్బుకూ సంబంధం ఉండవచ్చునని 2024లో అమెరికా పరిశోధకులు ప్రకటించారు. 2025 జూన్‌లో ఐరోపా మందుల సంస్థ దీన్ని చాలా అరుదైన దుష్ఫలితంగా, అంటే పదివేలమందిలో ఒకరికి రావచ్చునన్న లెక్కతో చేర్చింది. భయపడి ఎవరూ సొంతంగా మందు మానకూడదు. రక్తపోటు బిళ్ళల విషయమూ అంతే. మానేస్తే కన్ను దక్కుతుందేమో గానీ గుండె దక్కకపోవచ్చు. వేళ మార్చాలన్నా, మోతాదు మార్చాలన్నా డాక్టరు చెప్పాలి.

మనం చేయగలిగింది

మా వైపు పెద్దలు కన్ను అనగానే ఇప్పటికీ మద్రాసు ఎగ్మూరు ఆసుపత్రి పేరే చెబుతారు. 1819లో వెలసిన ఆసుపత్రి అది. కావలిలో రైలెక్కితే మద్రాసు. ఇప్పుడు అంత దూరం పోనక్కర్లేకుండానే నెల్లూరులో, తిరుపతిలో, విజయవాడలో కంటి వైద్యం దొరుకుతున్నది. దూరం తగ్గింది. తగ్గవలసింది మన ఆలస్యం.

మిత్రులారా, ఈసారి సెలవులకు ఇంటికి పోయినప్పుడు ఒక్క పని చేయండి. మీ ఇంట్లో యాభై దాటినవాళ్ళను గోడ మీది క్యాలెండరు ముందు నిలబెట్టి, ఒక్కొక్క కన్నే మూసి చదవమనండి. రెండు కళ్ళూ తెరిచి ఉంటే ఒకటి పోయిన సంగతి తెలియనే తెలియదు. ఏ బిళ్ళ ఏ వేళకు మింగుతున్నారో అడగండి. గురక పెడితే పక్కనుండి వినండి. చూపు ఒక్కసారిగా తగ్గిందని ఎవరన్నా చెబితే ఆకుపసరు పోయకండి, శిబిరం దాకా ఆగకండి, నాలాగా శుక్లమని తీర్పు చెప్పకండి.

పెదనాయన కుడి కన్ను ఇప్పటికి బాగానే ఉంది. బిళ్ళలు డాక్టరు చెప్పిన వేళకే వేసుకుంటున్నాడు. రోజూ పొద్దున్నే లేవగానే ఎడమ కన్ను మీద అరచెయ్యి పెట్టుకుని, వసారాలో క్యాలెండరు చూసి తేదీ పైకి చదువుతాడు. ఇంట్లో ఎక్కడున్నా ఆ తేదీ వినిపించేదాకా నేను ఏ పనీ మొదలుపెట్టను.