కొస పండు చెప్పే తీపి

మామిడి, అరటి పచ్చిగా కోసినా ఇంట్లో ముగ్గి తీపెక్కుతాయి. ద్రాక్షకు ఆ గుణం లేదు. గుత్తి కోసేనాటికి ఎంత తీపి ఉందో అంతే. వారం రోజులు దాచినా కాడ ఎండుతుందే తప్ప పులుపు విరగదు. అందుకే కొనేటప్పుడే చూసుకోవాలి.

ఇంతకీ ఆ తీపి ఎక్కడిదో తెలుసా? ఆకులది. ఆకుల్లో తయారైన చక్కెర తీగ వెంట పండులోకి చేరి గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌లుగా విడిపోతుంది. కాయ గట్టిగా ఉన్నన్నాళ్లూ అందులో పులుపుదే రాజ్యం. మెత్తబడడం మొదలయ్యాక చక్కెర గబగబా చేరుతుంది. పులుపు ఇచ్చే ఆమ్లాలు ముఖ్యంగా రెండు. ఆపిల్‌లో ఉండే మాలిక్ ఆమ్లం ఎండ వేడికి తగ్గిపోతుంది. మన చింతపండులో ఉండే టార్టారిక్ ఆమ్లం మాత్రం అంత తేలిగ్గా వదలదు. చక్కెర సమానంగా ఉన్న రెండు గుత్తుల్లో పులుపు తగ్గినదే నోటికి తియ్యగా తగులుతుంది.

తోటల్లో రసం చుక్క వేసి చూసే రిఫ్రాక్టోమీటర్ ఉంటుంది. అది 18 డిగ్రీల బ్రిక్స్ చూపిస్తే, 100 గ్రాముల రసంలో సుమారు 18 గ్రాములు కరిగిన పదార్థమన్నమాట. అందులో అధికభాగం చక్కెరే.

బండి దగ్గర మనకున్న పరికరం నాలుకే. రుచి చూడమంటే చాలామంది పైనున్న పండు తుంచుతారు. గుత్తి పైభాగం ముందు పండుతుంది, కొస ఆఖరున. కాబట్టి కొస పండు అడగండి. అది తియ్యగా ఉంటే మిగతా గుత్తి గురించి బెంగ అక్కర్లేదు. థామ్సన్ సీడ్‌లెస్ లాంటి తెల్లద్రాక్షలో ముదురు ఆకుపచ్చ కన్నా లేత పసుపు తిరిగినదే మేలు. నల్లద్రాక్షలో తొడిమ దగ్గర కూడా రంగు నిండాలి.

పరిమాణం చూసి మోసపోవద్దు. గింజలేని పండు సహజంగా చిన్నది. లావెక్కడానికి రైతులు జిబ్బరెల్లిక్ ఆమ్లం పిచికారీ చేస్తారు. పండు మీద పలచగా, సమానంగా పరుచుకున్న తెల్లటి పూత పండు సొంత మైనం. చెయ్యి తగిలితే చెరిగిపోతుంది. అది చెక్కుచెదరకుండా, కాడ పచ్చగా ఉంటే పండు తాజాది. మరకలు మరకలుగా ఉంటే మందు కావచ్చు. ఏదైనా బాగా కడిగాకే తినాలి.

నాసిక్, సాంగ్లీ తోటల్లో అక్టోబరులో కొమ్మలు కత్తిరిస్తే ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా కోతలు సాగుతాయి. డిసెంబరులోనే వచ్చే గుత్తులను రుచి చూడందే కొనకండి.

ఇంకొక్క మాట. బాగా చల్లగా ఉన్న పండులో తీపి నాలుకకు తక్కువగా తెలుస్తుంది. తినే ముందు ఫ్రిజ్‌లోంచి తీసి పావుగంట బయట పెట్టండి.