నల్ల అద్దమే చల్లని అద్దమా?

కిటికీ అద్దానికి అంటించే ఫిల్మ్ ఎంత నల్లగా ఉంటే గది అంత చల్లగా ఉంటుందన్న నమ్మకం హైదరాబాద్ పాతబస్తీ అద్దాల దుకాణాల్లో బలంగా ఉంది. ఇందులో కొంత నిజం ఉంది కాబట్టే ఈ అపోహ వదలడం లేదు. కానీ నేలకు చేరే ఎండ శక్తిలో దాదాపు సగం కంటికి కనిపించని పరారుణ కిరణాలదే. రంగు అద్దిన చవక నల్ల ఫిల్మ్ ముఖ్యంగా వెలుగును మింగుతుంది. అలా మింగిన వెలుగుతో అద్దం కాగి, కొంత వేడిని లోపలికే వదులుతుంది. ‘వేశాక తేడా తెలిసింది కదా’ అంటారు. తెలుస్తుంది, కానీ పట్టపగలే లైట్లు వేసుకోవాల్సి వస్తుంది. పరారుణాన్ని ఆపే పొర ఉన్న ఫిల్మ్ తేటగా కనిపిస్తూనే అంతకన్నా ఎక్కువ వేడిని ఆపగలదు. కాబట్టి కొనేటప్పుడు రంగు కాదు, ఎండ వేడిలో ఎంత వంతు లోపలికి వస్తుందో చెప్పే సౌర ఉష్ణ గుణకం అడగాలి. మామూలు పలుచని అద్దానికి అది 0.85 దాకా ఉంటుంది. ఎంత తగ్గితే అంత మేలు.

రెండో అపోహ ఇంకా ఖరీదైనది: ఫిల్మ్ వేస్తే షోకేసులోని బట్టల రంగు ఇక వెలవదని. మంచి ఫిల్మ్ అతినీలలోహిత కిరణాలను 99 శాతం దాకా ఆపుతుంది, వెలిసే వేగం బాగా తగ్గుతుంది. అయినా రంగును తినేది ఆ కిరణాలొక్కటే కాదు, మామూలు వెలుగు కూడా. అందుకే మ్యూజియంలు పాత వస్త్రాల మీద పడే వెలుగును 50 లక్స్ దగ్గర కట్టడి చేస్తాయి. నేరుగా ఎండ పడకపోతే చాలనుకోవడమూ పొరపాటే; ఆకాశం నుంచి చెదిరి వచ్చే వెలుగులోనూ అతినీలలోహితం ఉంటుంది. పెళ్లి ఖడా దుపట్టా మడత విప్పితే, బయటికి కనిపించిన అంచు పాలిపోయి, లోపలి మడత ముదురెరుపుగానే ఉండడం ఈ నష్టానికి సాక్ష్యం. పోయిన రంగు తిరిగి రాదు.

ఇంత చెప్పాక ఫిల్మ్ దండగేనా అంటే, కాదు. దాని వంతు రెండోది, అంతే. ఎండ అద్దాన్ని తాకకముందే ఆపడం అన్నిటికన్నా మేలు. పత్తర్‌గట్టి రాతి కమానులు చేసేది అదే: దుకాణం వెనక్కి జరిగి, ముందు నీడ వరండా నిలుస్తుంది. 1908 మూసీ వరద తర్వాత 1912లో ఏర్పడ్డ సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు నాటి ఆ నిర్మాణాన్ని కేవలం అందంగా చూడడం నాకు అన్యాయమనిపిస్తుంది. లోపల వేసే పరదా, అప్పటికే అద్దం దాటి వచ్చిన వేడినే పట్టుకుంటుంది. కమాను లేని పడమటి ముఖం దుకాణానికి ముందు బయట సజ్జ గానీ వెదురు తడిక గానీ కావాలి, ఆ తర్వాతే ఫిల్మ్. షోకేసులోని దుపట్టాను మాత్రం వారానికోసారి మార్చక తప్పదు.