విజిల్ వినపడని జట్టు

ఈ వారం ఎపిసోడ్ ట్రాన్‌స్క్రిప్ట్ కింద ఉంది. దానికి ముందు ఈ వ్యాసం ఎందుకంటే, ఎపిసోడ్ అంతా వినికిడి లేని కుర్రాళ్ళ జట్టు గురించి. దాన్ని చెవులు పనిచేసేవాళ్ళకే వదిలేస్తే ఏం బాగుంటుంది? పైగా అక్కడ ఆట నియమాలు చెప్పే తీరిక దొరకలేదు. అవి తెలిస్తేనే ఆ కుర్రాళ్ళ కష్టం ఎక్కడుందో అర్థమవుతుంది.

కువైట్‌లో మనకు అమెరికన్ ఫుట్‌బాల్‌తో పరిచయం తక్కువ. అరిఫ్జాన్ క్యాంపులో పనిచేసే మనవాళ్ళు సైనికుల చేతుల్లో ఆ కోలబంతిని చూసే ఉంటారు. మిగతావాళ్ళకు సూపర్ బౌల్ అంటే సోమవారం తెల్లవారుజామున రెండున్నరకు మొదలయ్యే ఏదో ఆట, అంతే.

ఆట ఇలా ఉంటుంది. ఒక్కో వైపు 11 మంది. బంతి ఉన్న జట్టుకు నాలుగు అవకాశాలు. ఆ నాలుగింట్లో 10 గజాలు ముందుకెళ్తే మళ్ళీ నాలుగు ఇస్తారు, లేకపోతే బంతి అవతలి జట్టుకు పోతుంది. ప్రతి అవకాశానికీ ముందు ఆట ఆగుతుంది. ఎవరు ఎటు పరుగెత్తాలి, ఎవరు ఎవరిని అడ్డుకోవాలి అన్నది కోచ్ నుంచి క్వార్టర్‌బ్యాక్‌కి, అతని నుంచి మిగతా పదిమందికి కొన్ని సెకన్లలో చేరాలి. బయటి నుంచి చూస్తే కండల ఆటలా ఉంటుంది గానీ, నన్నడిగితే సగం మాటల ఆట. మన కబడ్డీలో కూత ఎలాగో, ఇక్కడ కేక అలాగ.

మరి ఆ కేక వినపడకపోతే?

వాషింగ్టన్‌లో గ్యాలడెట్ యూనివర్సిటీ ఉంది. బధిరుల కోసమే పెట్టిన కాలేజీ, 1864లో అబ్రహం లింకన్ సంతకంతో డిగ్రీలిచ్చే అధికారం పొందింది. మన ఊళ్ళలో 'చెవిటోడు' అనేది తిట్టు. అక్కడివాళ్ళు మాత్రం 'మేం డెఫ్' అని గర్వంగా చెప్పుకుంటారు, తమది వేరే భాష, వేరే సంస్కృతి అంటారు. ఫుట్‌బాల్ జట్టు పేరు బైసన్. ఆడేది మూడో డివిజన్‌లో. ఆ డివిజన్‌లో ఆటకని స్కాలర్‌షిప్ ఇవ్వరు, కాబట్టి అక్కడ ఆడేది ఇష్టం ఉన్నవాళ్ళే.

వాళ్ళ ఇబ్బందులు మనం ఊహించే చోట ఉండవు. రిఫరీ విజిల్ ఊదాడనుకోండి. వినపడే ఆటగాడు టక్కున ఆగుతాడు. వీళ్ళు పక్కవాడు ఆగాడా లేదా చూసి ఆగాలి. ఆ అర సెకనులో ఎవరికైనా తగిలితే పెనాల్టీ. చివరి క్షణంలో ప్లాన్ మార్చాలంటే మామూలు క్వార్టర్‌బ్యాక్ అరుస్తాడు. ఇక్కడ సైగ చేయాలి. సైగ అందాలంటే అవతలివాడు ఇటు చూడాలి, కానీ అతని కళ్ళేమో ఎదుటి ప్రత్యర్థి మీద ఉంటాయి. ఇంకొకటి, సైగల భాష చేతులతోనే అయిపోదు, ముఖ కవళికలు కూడా దానికి వ్యాకరణం లాంటివి. హెల్మెట్ వాటిని దాచేస్తుంది.

లాభాలూ లేకపోలేదు. స్టేడియం ఎంత గోల చేసినా వీళ్ళకు పట్టదు. అవతలి క్వార్టర్‌బ్యాక్ గొంతు పెంచి, తగ్గించి మోసం చేసి, వీళ్ళు ముందే గీత దాటేలా చేద్దామనుకుంటే కుదరదు. వీళ్ళు కదిలేది బంతి కదలికను చూసే. ఒకప్పుడు మైదానం పక్కన పెద్ద డ్రమ్ పెట్టి కొట్టేవాళ్ళు, దాని అదురును ఒంటితో పట్టుకుని ఆట మొదలుపెట్టేవాళ్ళు.

నాకు అన్నిటికంటే నచ్చింది హడల్ కథ. 1890లలో గ్యాలడెట్ క్వార్టర్‌బ్యాక్ పాల్ హబ్బర్డ్‌కి ఒక చిక్కొచ్చింది. వేరే బధిరుల జట్టుతో ఆడుతుంటే తన సైగలు వాళ్ళకూ అర్థమైపోతున్నాయి! దాంతో తనవాళ్ళందరినీ గుండ్రంగా నిలబెట్టి మధ్యలో సైగ చేశాడు. ఈ రోజు వినపడే జట్లు కూడా ప్రతి ఆటకూ ముందు అలాగే గుమిగూడతాయి. 2003 ప్రపంచ కప్‌లో గంగూలీ జట్టు భుజాల మీద చేతులేసుకుని నిలబడ్డ గుండ్రం గుర్తుందా? దానికీ హడల్ అనే పేరు.

ఇక సీజన్ల సంగతి. చాలా ఏళ్ళు ఓటములే ఎక్కువ. 2013లో మాత్రం 9 గెలిచి ఒక్కటే ఓడి, తమ కాన్ఫరెన్స్ గెలుచుకుని, చరిత్రలో తొలిసారి జాతీయ ప్లేఆఫ్స్‌కి వెళ్ళారు. అక్కడ మొదటి మ్యాచ్‌లోనే ఓడిపోయారు. కోచ్ చక్ గోల్డ్‌స్టీన్ వినికిడి ఉన్న మనిషి. గ్యాలడెట్‌కి వచ్చాకే సైగల భాష నేర్చుకున్నాడు. కువైట్‌కి వచ్చి అరబ్బీ రాక మొదటి నెలలన్నీ చేతులూపుతూ నెట్టుకొచ్చిన మనకు ఆయన అవస్థ వివరించక్కర్లేదు.

2023 అక్టోబర్ 7న ఇంకో మొదటిది జరిగింది. ఆ శనివారం ఇక్కడ మన టీవీలన్నీ గాజా వార్తలతో నిండిపోయాయి, ఈ మ్యాచ్ గురించి నేను చాలా తర్వాత చదివాను. ఏటీ అండ్ టీ కంపెనీతో కలిసి గ్యాలడెట్ ఒక హెల్మెట్ తయారుచేసింది. కోచ్ ట్యాబ్లెట్‌లో ప్లాన్ ఎంచుకుంటే, అది క్వార్టర్‌బ్యాక్ కంటి ముందున్న చిన్న అద్దం మీద అక్షరాల్లో కనబడుతుంది. ఆ ఒక్క మ్యాచ్‌కీ అనుమతి దొరికింది. ప్రత్యర్థి హిల్బర్ట్ కాలేజీ. అంతవరకూ ఆ సీజన్‌లో బైసన్‌కు ఒక్క గెలుపూ లేదు. ఆ రోజు 34-20తో గెలిచారు.

ఇది వీళ్ళకిచ్చిన ప్రత్యేక సదుపాయం అనేవాళ్ళకు ఒక మాట. ఎన్‌ఎఫ్‌ఎల్‌లో క్వార్టర్‌బ్యాక్ హెల్మెట్‌లో రేడియో 1994 నుంచే ఉంది. కోచ్ గొంతు నేరుగా చెవిలో పడుతుంది. దాన్ని ఎవరూ సదుపాయం అనలేదు, ఆటలో భాగం అన్నారు. పైగా ఆ రోజు అద్దం ఉన్నది ఒక్కడికే. మిగతా పదిమందికీ అతను చేతులతోనే చెప్పాలి.

మీరు చూడాలనుకుంటే, కాలేజీ మ్యాచ్‌లు సెప్టెంబర్ నుంచి నవంబర్ దాకా శనివారాలు ఉంటాయి. అక్కడ మధ్యాహ్నం ఒంటిగంట అయితే మనకు రాత్రి ఎనిమిది, నవంబర్‌లో వాళ్ళు గడియారం మార్చాక తొమ్మిది. ఆదివారం పొద్దున్నే డ్యూటీ ఉన్నవాళ్ళకు కొంచెం కష్టమే.