నాలుగు వలస రాజ్యాలు, మూడు రాజధానులు

2019 డిసెంబరులో ఆంధ్రప్రదేశ్ శాసనసభలో మూడు రాజధానుల ప్రస్తావన వచ్చినప్పుడు అప్పటి ముఖ్యమంత్రి దక్షిణాఫ్రికాను ఉదాహరణగా చెప్పారు. ఆ మర్నాటినుంచి నాకు ఊరినుంచి ఒకటే ఫోన్లు. "ఏరా, మీకు నిజంగానే మూడు రాజధానులా?" అని మా బాబాయి అడిగితే ప్రిటోరియా, కేప్‌టౌన్, బ్లూమ్‌ఫాంటీన్ అని పేర్లు అప్పజెప్పి ఊరుకోబోయాను. ఆయన వదిలే మనిషి కాదు. "పేర్లు కాదురా, ఎందుకో చెప్పు" అన్నారు. ఆ కథ మొదలైంది మనముంటున్న డర్బన్‌లోనే. మన పిల్లలకు కూడా తెలిస్తే మంచిదని ఇక్కడ రాస్తున్నాను.

1899-1902 యుద్ధం ముగిసేసరికి కేప్, నేటాల్, ట్రాన్స్‌వాల్, ఆరెంజ్ రివర్ అనే నాలుగు వలస రాజ్యాలూ బ్రిటిషు జెండా కిందికి వచ్చాయి. జెండా ఒకటేగాని సుంకాల దగ్గరా రైలు రేట్ల దగ్గరా రోజూ తగవులే. ట్రాన్స్‌వాల్ బంగారు గనులకు వెళ్ళే సరుకు మా రేవుకు రావాలంటే మా రేవుకు రావాలని డర్బన్, కేప్ రేవులు పోటీపడేవి. కలిసిపోతేనే గాని ఈ తగవు తెగదని పెద్దలకు తోచింది.

1908 అక్టోబరు 12న నాలుగు రాజ్యాల ప్రతినిధులు 30 మంది డర్బన్ టౌన్‌హాలులో తలుపులు మూసుకుని కూర్చున్నారు. కేప్ నుంచి 12 మంది, ట్రాన్స్‌వాల్ నుంచి 8, మిగతా రెండింటి నుంచి అయిదుగురేసి. రొడీషియా నుంచి ముగ్గురు వచ్చారుగాని వారికి ఓటు లేదు. కేప్ ప్రధాన న్యాయమూర్తి సర్ హెన్రీ డి విల్లియర్స్ అధ్యక్షుడు. బోయర్ సేనానులు బోథా, స్మట్స్ ఒకవైపు. 1895 చివర ట్రాన్స్‌వాల్ మీదికి దండెత్తి పట్టుబడిన జేమ్సన్ ఇంకొకవైపు. నిన్నటి శత్రువులు ఒకే బల్ల దగ్గర చేరి బేరం చేసుకోవడం చిన్న విషయం కాదు. ఆ మెచ్చుకోలు వారికి దక్కవలసిందే.

సమాఖ్య కావాలని నేటాల్ వారు గొణిగారు. స్మట్స్, కేప్ ప్రధాని మెరిమన్ పట్టుబట్టి ఒకే ప్రభుత్వం గల యూనియన్ వైపు సభను తిప్పారు. ఇంగ్లీషు, డచ్చి భాషలకు సమాన హోదా ఇచ్చారు. రాజధాని దగ్గర మాత్రం బండి ఆగిపోయింది. ఎవరి ఊరు వారికి ముద్దు. చివరికి సచివాలయం ప్రిటోరియాకు, పార్లమెంటు కేప్‌టౌన్‌కు, అప్పీలు కోర్టు బ్లూమ్‌ఫాంటీన్‌కు పంచారు. మన నేటాల్ రాజధాని పీటర్‌మారిట్జ్‌బర్గ్‌కు ఏమీ మిగల్లేదు. అందుకని చట్టం 133వ సెక్షనులో పరిహారం రాశారు. హోదా పోయి ఊరి ఆస్తుల విలువ తగ్గితే ఎలాగని పీటర్‌మారిట్జ్‌బర్గ్, బ్లూమ్‌ఫాంటీన్ మునిసిపాలిటీలకు వాటి అప్పులమీద ఏటా నూటికి రెండు వంతున, 25 ఏళ్ళకు మించకుండా గ్రాంటు ఇమ్మన్నారు.

ఊళ్ళ నష్టాన్ని ఇంత లెక్కగా చూసినవారు మనుషుల నష్టాన్ని చూడలేదు. ఆ 30 మందిలో నల్లవాడు ఒక్కడు లేడు, భారతీయుడు ఒక్కడు లేడు. కేప్‌లో రంగుతో పనిలేకుండా ఆస్తి, చదువు ఉన్న మగవాడికి ఓటుండేది. దాన్ని దేశమంతా ఇవ్వాలని స్టాన్‌ఫర్డ్ అనే ప్రతినిధి అడిగాడు. ట్రాన్స్‌వాల్, నేటాల్ ఒప్పుకోలేదు. ఎవరి పద్ధతి వారికి ఉంచి, కేప్ ఓటును తీసెయ్యాలంటే రెండు సభలూ కలిసి కూర్చుని మూడింట రెండువంతుల మెజారిటీ చూపాలని కట్టుదిట్టం చేశారు. పార్లమెంటు సభ్యులు మాత్రం ఐరోపా సంతతివారే కావాలి. ఆ కట్టుదిట్టం ఎన్నాళ్ళు నిలిచింది? కేప్ నల్లవారి ఓటు 1936లో సాధారణ జాబితా నుంచి పోయింది. మిశ్రజాతి వారిది 1956లో పోయింది, అదీ సెనేటును నింపుకుని మెజారిటీ సంపాదించాక.

ఇక మన సంగతి. 1860 నవంబరు 16న ట్రూరో ఓడ మద్రాసు నుంచి డర్బన్ చేరింది మొదలు 1911 దాకా లక్షన్నరకు పైగా ఒప్పంద కూలీలు నేటాల్‌కు వచ్చారు. వారిలో మన తెలుగువారు ఎందరో. 1896లోనే నేటాల్ శాసనసభ భారతీయులకు పార్లమెంటు ఓటు రాకుండా చట్టం చేసింది. ఒప్పందం తీరిన కూలీ నేటాల్‌లోనే ఉండిపోవాలంటే ఏటా మూడు పౌన్ల పన్ను. యూనియన్ చట్టం 147వ సెక్షను 'ఆసియావాసుల'ను ప్రత్యేకంగా తాకే వ్యవహారాలన్నీ కేంద్ర ప్రభుత్వం చేతిలో పెట్టింది. మనకు ఇచ్చిన చోటు అంతే.

అడిగినవారు లేకపోలేదు. కేప్ మాజీ ప్రధాని విలియం ష్రైనర్ సభకు ప్రతినిధిగా ఎంపికయ్యాడు. అయినా నేటాల్‌లో విచారణ ఎదుర్కొంటున్న జులూ రాజు దినుజులు తరఫున వాదించడానికి ఆ చోటు వదులుకున్నాడు. 1909లో రుబుసానా, జబావు, అబ్దుర్రహమాన్ వంటి వారితో లండను వెళ్ళి రంగు నిబంధన తీసేయమని మొరపెట్టుకున్నాడు. ట్రాన్స్‌వాల్ భారతీయుల తరఫున గాంధీగారు కూడా అప్పుడు లండనులోనే ఉన్నారు. బ్రిటిషు పార్లమెంటు ఎవరి మాటా వినలేదు. 1910 మే 31న యూనియన్ ఏర్పడింది, బోథా ప్రధాని అయ్యాడు.

మూడు పౌన్ల పన్నును కొత్త ప్రభుత్వమూ వదల్లేదు. 1913లో న్యూకాసిల్ బొగ్గుగనుల నుంచి చెరకు తోటల దాకా మనవాళ్ళు పని ఆపి రోడ్డెక్కాక, 1914లో పోయింది.

డర్బన్‌లో ఆ టౌన్‌హాలు ఇప్పటికీ ఉంది. తర్వాత పెద్ద పోస్టాఫీసుగా మారిన భవనం అదే. పిల్లలను తీసుకుని వెళ్ళినప్పుడు వీధి పేరు కూడా చదివించండి. అది ఒకప్పుడు నేటాల్ తొలి లెఫ్టినెంట్ గవర్నరు పేర వెస్ట్ స్ట్రీట్. ఇప్పుడు డాక్టర్ పిక్స్‌లీ కా సెమె స్ట్రీట్. బల్ల దగ్గర చోటు దొరకనివారందరినీ 1912 జనవరిలో బ్లూమ్‌ఫాంటీన్‌కు పిలిచి, తర్వాత ఆఫ్రికన్ నేషనల్ కాంగ్రెస్ అయిన సంస్థకు పునాది వేసిన లాయరు ఆయన.